చిల్లిగవ్వ చరిత్ర

బడిపిల్లల సామాన్యజ్ఞాన గ్రంథములలో ఆఫ్రికా ఖండమునకు తరచుగా దక్కునది ఒక పట్టిక. ఎడమవైపున దేశము పేరు, నడుమ రాజధాని, కుడివైపున అక్కడ చెల్లు నాణెము. ఏబదినాలుగు దేశములు ఏబదినాలుగు వరుసలై అందులో ఒదిగియుండును. ‘ఘానా, అక్రా, సెడీ’ అని చిన్ననాడు ఎక్కములవలె వల్లించి, పరీక్ష గడచిన మరునాడే మరచినవారము మనలో పెక్కుమంది. అట్లు వల్లించిన మూడు మాటలలో కడపటిదాని కర్థమేమని ఉపాధ్యాయుడు అడుగలేదు, శిష్యుడు చెప్పలేదు. ఘానాలోని ఆకాను ప్రజల భాషలో ఆ మాటకు మూలమైన పదమునకు గవ్వ అని అర్థము. 1957 మార్చి 6వ తేదీన ఆంగ్లేయుల యేలుబడినుండి విముక్తమైన ఆ దేశము, 1965 జులైలో పౌనును విసర్జించి సొంత నాణెమును నెలకొల్పుకొన్నప్పుడు, దానికి రాజుల పేరు గాని లోహముల పేరు గాని పెట్టక, సముద్రమున పుట్టిన ఒక అల్పజంతువు యొక్క గుల్ల పేరు పెట్టుకొనెను.

మనకు గవ్వ యనగానే స్ఫురించునది లేమి. చేతిలో చిల్లిగవ్వ లేదందుము. ఎందుకును పనికిరానివానిని గవ్వకు కొరగాడందుము. అయినను ఈ తిరస్కారమే ఒకనాటి మర్యాదకు మిగిలిన ఆనవాలు. ఏలయన, వస్తువుల విలువను కొలుచుటకు ఒకప్పుడు వాడుకలో నుండిన దానితోనే జనులు నేడు లేమిని కొలుచుచున్నారు. భాస్కరాచార్యుని లీలావతిలో ద్రవ్యమానము వరాటకముతో, అనగా గవ్వతో, ఆరంభమగును: ఇరువది గవ్వలు ఒక కాకిణి, నాలుగు కాకిణులు ఒక పణము. వంగ, ఉత్కళ దేశములలో పందొమ్మిదవ శతాబ్ది ఆరంభము దాక గవ్వలు చెలామణిలో నుండెను. తెలుగు ఇండ్లలో అవి అంగడిని విడిచి అరుగుల మీదికి చేరి, అష్టాచెమ్మాకును పచ్చీసుకును పాచికలై నిలిచినవి. మన నుడికారము గవ్వలన్నిటిలో చిల్లిగవ్వను కడు హీనముగ నెంచినది. సముద్రములు దాటి పడమటి ఆఫ్రికా తీరము చేరిన గవ్వకో, వీపున చిల్లి పడిన పిమ్మటనే నిండు నాణెపు యోగ్యత కలిగినది. ఒకే గుల్లకు రెండు దేశములలో పట్టిన ఈ భిన్నమైన గతిని మొదటినుండి పరిశీలించుటయే ఈ వ్యాసమున నా యుద్దేశము.

గవ్వలలో జాతులు అనేకములు గలవు గాని, ఆఫ్రికాలో ద్రవ్యముగ చెల్లినవి ముఖ్యముగ రెండు. ఒకటి మాల్దీవులలో విస్తారముగ దొరకు చిన్నదియు, నునుపైనదియు, లేతపసుపు వన్నెదియు నగు గవ్వ. రెండవది తూర్పు ఆఫ్రికా తీరమున, జాంజిబారు ప్రాంతమున దొరకునట్టిదై, మొదటిదానికంటె పెద్దదై, వీపున బంగారు తీగె చుట్టినట్లు వలయము గలిగియుండును. మొదటి దానిదే వేయేండ్ల చరిత్ర. 1602లో ఓడ పగిలి మాల్దీవులలో చిక్కుకొని అయిదేండ్లు గడపిన ఫ్రెంచి నావికుడు పిరార్డ్ ద లావాల్, అక్కడి గవ్వల సేకరణను కన్నులార చూచి వ్రాసియున్నాడు. అమావాస్యకును పూర్ణిమకును ముందు మూడునాళ్లు, వెనుక మూడునాళ్లు, స్త్రీలు నడుములోతు నీటిలో దిగి గవ్వలేరుదురట. అట్లు ఏరిన వానిని ఇసుకలోనో గోతులలోనో పూడ్చిపెట్టి, లోని మాంసము కుళ్లి రాలిపోయిన తరువాత కడిగి ఎండబెట్టి, పన్నెండువేల చొప్పున మూటలు కట్టి ఓడల కెక్కింతురు. ఒక్క వంగదేశమునకే ఏటేట ముప్పది నలుబది ఓడలు గవ్వలతో పోవుచుండెననియు, వానికి బదులుగా ఆ దీవులవారికి బియ్యము వచ్చుచుండెననియు ప్రాచీన యాత్రికుల వ్రాతలవలన తెలియుచున్నది. వరి పండని దీవులవారికి సముద్రమే మడి, గవ్వయే పంట.

ఈ గవ్వకు పుట్టిల్లును మెట్టినిల్లును రెంటిని చూచిన యాత్రికుడొకడు కలడు. మొరాకో దేశమున టాంజీరు నగరమున జన్మించిన ఇబన్ బటూటా 1343, 44 సంవత్సరములలో మాల్దీవులలో న్యాయాధిపతిగా నుండెను. అక్కడ నాలుగు లక్షల గవ్వలకు ఒక బంగారు దీనారము వెల యనియు, ఒక్కొక్కప్పుడు అది పన్నెండు లక్షల దాక దిగజారుననియు అతడు వ్రాసెను. ఎనిమిదేండ్ల తరువాత, 1352లో, అతడే సహారా మరుభూమిని ఒంటెలమీద దాటి నైజరు నదీతీరమున మాలీ సామ్రాజ్యమును ప్రవేశించినప్పుడు, అక్కడి రాజధానిలోను గావో నగరమునను అవే గవ్వలు దీనారమునకు 1150 చొప్పున అమ్ముడుపోవుచుండుట చూచెను. దీనారముల తూకములో కొంత భేదమున్నను, ఒక్క వస్తువు వెల సుమారు మున్నూట ఏబది రెట్లు పెరిగినదన్నమాట. గవ్వలో మార్పు లేదు; అది దాటివచ్చిన దూరమే దానికి వెల తెచ్చినది. మాల్దీవులనుండి ఏడెనుకును ఈజిప్టునకును ఓడలలోను, అక్కడినుండి మధ్యధరా తీరపు రేవులకును, ఆపైన ఉత్తరాఫ్రికా బేహారుల ఒంటెల బిడారులపై మరుభూమి గర్భమునకును అది చేసిన ప్రయాణమున, ప్రతి మజిలీలోను ఎవరో ఒకరు లాభము తీయుచునే యుండిరి.

ఆ ప్రయాణమున మధ్యదారిలో ఆగిపోయిన మూట యొకటి నేటి కాలమున బయల్పడినది. మారిటేనియా దేశపు తూర్పు భాగమున, నీరుగాని నీడగాని లేని ఇసుక సముద్రము నడుమ, ఒక బిడారు తన బరువును ఇసుకలో పూడ్చిపెట్టి, మరల తిరిగి రాలేదు. ఇత్తడి కడ్డీలును వానితోపాటు గవ్వలును ఆ ఇసుక క్రింద సుమారు ఎనిమిదివందల యేండ్లు నిదురించి, 1960వ దశాబ్దిలో ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు తియొడోర్ మొనో కంటబడినవి. ఆ బేహారులు దప్పికతో నశించిరో, దొంగల పాలైరో, దారి తప్పిరో, సాక్ష్యము చెప్పువారు లేరు. ఇబన్ బటూటాకు పూర్వమే ఈ వర్తకము నడచుచుండెననుటకు ఆ గవ్వలే ప్రబలసాక్ష్యము.

బంగారము తన భూమిలోనే పండు దేశమునకు పరదేశపు గుల్ల ఏల కావలసివచ్చెనన్న సందేహము సహజముగ కలుగును. మాలీలో బంగారమునకు కొదవ లేదు. కాని సంతలో గుప్పెడు ఉల్లిపాయలకును, దోసెడు చిరుధాన్యమునకును బంగారు రజను తూచుట సాధ్యముగాదు. అల్పమైన కొనుగోలునకు అల్పమైన నాణెము కావలయును. గవ్వకు ఆ పనికి వలసిన లక్షణములన్నియు పుట్టుకతోనే అబ్బినవి: దాదాపు ఒకే పరిమాణము, పగులని గట్టితనము, త్రుప్పుపట్టని స్వభావము, చీకటిలోనైనను వ్రేళ్లకు తెలియు ఆకారము. అన్నిటికి మించి, దొంగ గవ్వను పోతపోయుట ఏ కంసాలికిని సాధ్యము కాదు. పడమటి ఆఫ్రికా తీరపు డహోమీ రాజ్యము నేలిన గేజో బంగారముకంటె గవ్వనే మెచ్చెనని చెప్పుదురు. గవ్వకు దొంగ నాణెము పుట్టదనియు, గవ్వలరాశి దాచుటకు వీలులేదు గనుక రాజునకు తెలియకుండ ఎవ్వడును ధనవంతుడు కాజాలడనియు ఆయన తర్కమట. పదునారవ శతాబ్దిలో టింబక్టూను వర్ణించిన లియో ఆఫ్రికానస్ కూడ, చిన్న బేరములకు అక్కడ గవ్వలు చెల్లుననియు, నాలుగువందల గవ్వలు ఒక బంగారు డ్యూకాటుకు సమానమనియు వ్రాసియున్నాడు.

1498లో వాస్కోడగామా ఆఫ్రికా దక్షిణాగ్రమును చుట్టి కోజికోడు రేవు చేరినది మొదలు గవ్వ దారి మారినది. ఓడకు అడుగున బరువు లేనిదే నడిసముద్రమున నిలుకడ చిక్కదు గనుక, నావికులు రాళ్లో ఇసుకయో నింపుకొనువారు. హిందూసముద్రమునుండి మరలు ఓడలకు ఆ బరువు గవ్వల రూపమున దొరకెను. ఇసుకను ఒడ్డు చేరినపిమ్మట పారబోయవలయును, గవ్వలను అమ్ముకొనవచ్చును. పోర్చుగీసువారు పదునారవ శతాబ్ది ఆదియందే వానిని గినీ తీరమున బెనిన్ రాజ్యమునకు చేర్పసాగిరి. పదునేడవ శతాబ్దిలో సింహళపు రేవులు డచ్చివారి కైవసము కాగా, మాల్దీవుల గవ్వలు సింహళమునకు కొన్ని, ఒరిస్సా తీరమున బాలాసోరునకును వంగదేశమునకును కొన్ని చేరి, అక్కడినుండి డచ్చి, ఆంగ్ల కంపెనీల ఓడలలో ఆమ్‌స్టర్‌డాము, లండను నగరములకు పోయి, వేలమున అమ్ముడై, మరల ఓడలెక్కి ఆఫ్రికా పడమటి తీరమున దిగుచుండెను. హిందూసముద్రపు గుల్ల ఆఫ్రికా చేరుటకు ఆఫ్రికాను చుట్టి ఐరోపా దాక పోయి వెనుకకు రావలసివచ్చినది. ఐరోపాలో ఎవ్వరికిని దానితో పని లేదు. లాభము మాత్రము వారిదే. పదునెనిమిదవ శతాబ్దిలో ఇట్లు పడమటి ఆఫ్రికాకు చేరిన గవ్వలు వెయ్యికోట్ల దరిదాపున నుండునని చరిత్రకారులు లెక్కగట్టిరి.

ఆ వెయ్యికోట్ల గవ్వలకు ఆఫ్రికా ఏమిచ్చినది? మనుష్యుల నిచ్చినది. నేటి బెనిన్ దేశపు తీరమున ఉయిడా యను రేవు కలదు. 1727లో డహోమీ రాజు అగాజా దానిని జయించెను. ఆంగ్ల, ఫ్రెంచి, పోర్చుగీసు వర్తకులకు మూడు కోటలు ఆ యొక్క పట్టణముననే యుండెను. లోతట్టునుండి సంకెళ్లతో నడపించుకొని వచ్చిన బానిసల వెలలో సుమారు మూడవ వంతు గవ్వల రూపమున చెల్లింపబడుచుండెను. 1680 ప్రాంతమున ఒక్క మనిషికి పదివేల గవ్వలు. నూరేండ్లు నిండకమునుపే ఆ వెల లక్షన్నర దాటినది. మిగిలిన వెల తుపాకులు, మద్యము, ఇనుప కడ్డీలు, బట్టలుగా ముట్టుచుండెను. ఆ బట్టలను తలచుకొన్నప్పుడు మనమును తల వంచుకొనక తప్పదు. కోరమండల తీరమున నేసిన గట్టి నూలుబట్టకు ఐరోపా వర్తకులలో ‘గినీ బట్ట’ అనియే వ్యవహారము. గినీ తీరమున బానిసల బేరమునకు అది మిక్కిలి గిరాకీ గల సరకగుటచే ఆ పేరు వచ్చినది. మచిలీపట్టణమునందును, పాలకొల్లునందును డచ్చివారు కొట్లు పెట్టినది ఇట్టి బట్టల కొనుగోలు కొరకే. మగ్గపు గుంటలో కూర్చున్న మన నేతగానికి తాను నేసిన తాను ఎవని మెడకు ఉరియగునో తెలియదు. మాల్దీవుల తీరమున నడుములోతు నీటిలో నిలిచిన స్త్రీకిని తెలియదు.

తెలిసినవారు ఆ తీరపు జనులు. గవ్వలెట్లు పుట్టునని వారి పిల్లలడిగినప్పుడు ముసలివారు చెప్పు కథ యొకటి అక్కడ నేటికిని వినవచ్చుచున్నది. కొనిపోయిన బానిసల శవములను తెల్లవారు సముద్రమున వైతురట. ఆ దేహములను తినుటకు గవ్వలు వచ్చి అంటుకొనగా, పైకి లాగి, గవ్వలను ఒలుచుకొని అవే తెచ్చి మరల బానిసలను కొందురట. జీవశాస్త్రము దీని నొప్పుకొనదు, ఈ గవ్వ ఆ సముద్రమున పుట్టనే పుట్టదు. అయినను ఆ వర్తకపు స్వరూపమును, ఒక మనిషి పోవుటయు మూటెడు గవ్వలు వచ్చుటయు ఒకదానికొకటి వెలగా నడచిన ఆ చక్రభ్రమణమును, ఏ కంపెనీ ఖాతాపుస్తకమును ఇంతకంటె స్పష్టముగ చూపజాలదు.

ఇక చిల్లి సంగతి. ఉయిడాలోను, డహోమీలోను, యొరుబా దేశమునను, ఓడనుండి దిగిన గవ్వ వెంటనే సంతకు పోదు. స్త్రీలు దాని వీపున చిల్లి పొడిచి, నారత్రాటిలో నలుబదేసి చొప్పున దండలు గ్రుచ్చుదురు. అయిదు దండలు రెండువందలు; అట్టి ఇరువది కలిపిన నాలుగువేలు; ఇరువదివేలైనచో ఒక బస్తా, అనగా ఒక మనిషి తలమోపు. గ్రుచ్చిన కూలి క్రింద దండనుండి కొన్ని గవ్వలు తీసికొనుట వాడుక. కావున నలుబది యనబడు దండలో నలుబదియు నుండకపోవుట సంతలో అందరెరిగినదే. చిల్లిగవ్వ దండ కెక్కును, దండ లెక్క కెక్కును. చిల్లి పడని గవ్వను ఒక్కొక్కటిగ నెంచుకొనవలసినదే. మనము తిరస్కరించిన చిల్లియే అక్కడ లెక్కకు ఆధారమైనది. 1850లో డహోమీ ఉత్సవములను చూచిన ఆంగ్ల నౌకాధికారి ఫోర్బ్స్, రాజు వేదికపై నిలిచి గవ్వలను జనసమూహముపై వెదజల్లుటయు, వానికై జనులు ఒకరిపై నొకరు పడి పెనగులాడుటయు వర్ణించియున్నాడు.

లోతట్టు దేశములలో, నైజరు నది వంపునందును హౌసా రాజ్యములందును, గ్రుచ్చు ఆచారము లేదు. విడిగవ్వలనే అయిదేసిగా చేతితో లాగుచు లెక్కింతురు. 1851లో ఆ ప్రాంతముల సంచరించిన జర్మను పండితుడు హైన్రిఖ్ బార్త్, అయిదు లక్షల గవ్వలను అయిదారుగురు కూర్చుండి లెక్కించుటను వీరకృత్యముగ పేర్కొనెను; కానో నగరమున నాడు రెండువేల అయిదువందల గవ్వలు ఒక వెండి డాలరునకు సరి. బస్తాపై ఇరువదివేలని చెప్పినను, లెక్కింపక పుచ్చుకొనువాడు అక్కడ లేడట. బంబారా ప్రజల లెక్క ఇంకను విచిత్రము: గవ్వల విషయమున వారికి ‘నూరు’ అనగా ఎనుబది. మన పణమునకును ఎనుబది గవ్వలే యగుట కాకతాళీయము గావచ్చును గాని, నాలుగేసి అయిదేసిగా వ్రేళ్లతో లాగి ఇరువదులుగా కుప్పవేయు చేతులు ఎక్కడనైనను ఒక్కరీతిగనే నడచునని అనిపించును. 1796లో సెగూ నగరపు పొలిమేరకు చేరిన ముంగో పార్కును బంబారా రాజు మాన్సాంగ్ పురప్రవేశము చేయనీయక, దారిబత్తెముగా అయిదువేల గవ్వల సంచి పంపెను. నూరు గవ్వలతో తనకు గ్రాసమును, తన గుఱ్ఱమునకు ధాన్యమును దినమునకు సరిపడ దొరకెనని పార్కు వ్రాసియున్నాడు గనుక, ఆ సంచి ఏబది దినముల జీవనము. ఇంటికి రానీయని యతిథికి ఇంత యిచ్చిన రాజును పిసినారి యనుటకు వీలులేదు.

సంతలో చెల్లినది సంతకే పరిమితమై యుండదు. యొరుబావారిలో అక్షరము రాకమునుపు గవ్వలే ఉత్తరములు. రెండు గవ్వలను ముఖాముఖిగ కట్టి పంపినచో స్నేహము. వీపులు కలిపి కట్టినచో వైరము. ఆరు గవ్వలు పంపినచో అనురాగము, ఏలయన వారి భాషలో ఆరు అను మాటయు, ఆకర్షించుట యను మాటయు ఒకే ధ్వనిగలవి. దేవతల చిత్తమెరుగుటకు పదునారు గవ్వలు చాపపై విసరి, నోరు పైకి పడినవెన్ని, వీపు పైకి పడినవెన్ని యని చూచి ప్రశ్న చెప్పుట వారి పురోహితుల విద్య. ఆ విద్య పేరే వారి భాషలో ‘పదునారు’. బానిసల ఓడలలో అది క్యూబా, బ్రెజిలు దేశములకు పోయి నేటికిని జీవించియున్నది. మన అరుగులమీద నాలుగు గవ్వలు విసరి, వెల్లకిల పడినవెన్ని యని చూచి కాయ జరుపుకొను పిల్లలకు, సముద్రముల కావల అదే గవ్వ అదే విధమున పడినప్పుడు ఒకని రోగమో, ప్రయాణమో, వివాహమో నిర్ణయమగునని తెలిసినచో, ఆట మరికొంచెము సావధానముగ ఆడుదురు గాబోలు.

1807లో ఆంగ్లేయులు బానిస వర్తకమును నిషేధించినపిమ్మట గవ్వల దిగుమతి కొంతకాలము తగ్గి, తాటినూనె వర్తకముతో మరల తలయెత్తినది. ఐరోపా యంత్రములకు కందెనగాను, సబ్బులకును వలసిన ఆ నూనెను పండించు రైతులకు ముట్టజెప్పుటకు అదే చిల్లర కావలసివచ్చెను. అప్పుడు, 1840ల నడుమ, హాంబర్గు వర్తకులు జాంజిబారు గవ్వను కనుగొనిరి. అది మాల్దీవు గవ్వకంటె పెద్దది, చవకైనది, కోస్తా పొడవున గంపలతో ఎత్తుకొనుటకు వీలైనది. రెండు మూడు దశాబ్దులలోనే, వెనుకటి శతాబ్దమంతయు వచ్చినదానికి తీసిపోని రాశి పడమటి తీరమున కుమ్మరింపబడినది. సహజముగ గవ్వ వెల పడిపోయెను. తండ్రి చేర్చిన ధనముతో కొడుకు సగమైన కొనలేని కాలము వచ్చెను. మాల్దీవు గవ్వలు ఇరువదివేలు ఒక మనిషి మోయగలిగిన బరువు. జాంజిబారు గవ్వలు అన్నియే మోయవలెనన్నచో ఒక మనిషి చాలడు. మోతకూలి ఇచ్చి, దారిలో కూలివానికి తిండి పెట్టిన తరువాత మూటలో మిగులునదేమని బేహారులు ఆలోచింపవలసివచ్చినది. దొంగ గవ్వను చేయుట ఎవ్వరికిని సాధ్యము గాదన్న గేజో రాజు మాట నిజమే. కాని సముద్రద్వారము ఎవని చేతిలో నున్నదో వానికి దొంగ నాణెముతో పని యేమి? నిజమైన గవ్వనే మితి లేక దించినచో ఫలమొక్కటియే.

వెల పడిపోయిన గవ్వను వలసప్రభుత్వములు పూర్తిగ తొలగింపదలచెను. 1904లో నైజీరియాలో ఆంగ్లేయులు గవ్వల దిగుమతిని నిషేధించిరి; 1907లో ఫ్రెంచివారు తమ ఖజానాలలో గవ్వను స్వీకరింపబోమనిరి. పన్ను వెండిలోనే కట్టవలయునన్న శాసనముతో, ఇంటి గోతులలో బస్తాలకొలది గవ్వలున్నవాడు ఒక్కనాటిలో బీదవాడై, నాణెము కొరకు పత్తియో వేరుసెనగయో పండించి తెల్లవాని అంగడికి పోవలసివచ్చెను. లేనిచో రహదారులపై కూలికి కుదురవలసివచ్చెను. ఈ కథ మనకు క్రొత్తది గాదు. ఒరిస్సాలో గవ్వలను విడిచి వెండిలో శిస్తు కట్టుమని కంపెనీవారు నిర్బంధించుట 1817 నాటి ఖుర్దా పైకుల తిరుగుబాటునకు కారణములలో నొకటి. బుగాండా రాజ్యమున, నేటి ఉగాండాలో, గవ్వ స్థానమున వచ్చి కూర్చున్నది మన రూపాయియే; తూర్పు ఆఫ్రికాలో ఆంగ్లేయులు హిందూదేశపు రూపాయినే మొదట చెలామణి చేసిరి. లూగాండా భాషలో మాత్రము ధనమునకు నేటికిని వాడు మాట ‘ఎన్సింబి’, అనగా గవ్వలే.

గవ్వను వెడలగొట్టిన దొరలు చిల్లిని మాత్రము వెడలగొట్టలేకపోయిరి. 1907లో పడమటి ఆఫ్రికాకై ఆంగ్లేయులు క్రొత్తగా ముద్రించిన పెన్నీకిని, పెన్నీలో పదవ వంతు నాణెమునకును నడిబొడ్డున గుండ్రని రంధ్రముండెను. తరతరములుగా ధనమును త్రాట గ్రుచ్చి నడుమునకు కట్టుకొన్న జనులు, గ్రుచ్చుటకు వీలులేని బిళ్లను నమ్మరని పాలకులకు తెలిసివచ్చినది. 1943లో, యుద్ధపు రోజులలో రాగి పొదుపునకై, మనకును అట్టి చిల్లికాణి వచ్చినది.

బుర్కినా ఫాసో, ఘానా, ఐవరీకోస్టుల సరిహద్దులలో నివసించు లోబీ, దగారా ప్రజలు ఈ శాసనములకు చెవియొగ్గలేదు. ఫ్రెంచివారి శాసనము వచ్చిన తరువాత కూడ తరములు గడచువరకు వారి సంతలలో గవ్వలు చెల్లినవి; కన్యాశుల్కమునందు, అంత్యక్రియలయందు, దీక్షలయందు గవ్వలే ముట్టజెప్పవలయునన్న నియమము వారికి కలదు. పెండ్లికుమారుని పక్షమువారు తెచ్చిన కుప్పను పెద్దలు నేలపై కూర్చుండి అయిదేసిగా లాగుచు లెక్కింతురు. క్రొత్త గవ్వలు తెచ్చు ఓడలు ఆగిపోయెను గనుక, ఉన్నవి ఉన్నంతయే. కాగితపు నాణెము ఏటేట పలుచనగుచుండ, గవ్వ వెల అక్కడ నిలిచి, ఒక్కొక్కప్పుడు పెరిగినది కూడ. గుట్టలుగా దించి దానిని చెరచిన వర్తకులు దానిని విడిచిపోయిన తరువాతనే దానికి నిలుకడ చిక్కినది.

1965లో ఘానావారు నాణెమునకు పేర్లు వెదకుకొన్నప్పుడు రెండు పాత మాటలను ఎన్నుకొనిరి. పెద్ద నాణెమునకు గవ్వ పేరైన సెడీ. దానిలో నూరవ భాగమునకు, పూర్వము ఆకానులు బంగారు రజను తూచుటలో వాడిన అత్యల్పమైన తూనిక పేరైన పెసెవా. స్వర్ణభూమి యని పేరుగన్న దేశమున గవ్వ పెద్దదిగాను, బంగారము దానిలో నూరవ వంతుగాను నిలుచుటలో పరిహాసమేమైన నున్నదో, లేక తమ ముత్తాతల వెల యే ద్రవ్యముతో కట్టబడెనో ఆ ద్రవ్యమును తమ చేతిలోనికి తీసికొనవలయునన్న పట్టుదల యున్నదో, పెట్టినవారి మనసు పెట్టినవారికే తెలియును. కానోలో హౌసా వర్తకుడు ‘కుడి’ యన్నను, కంపాలాలో కూరలమ్ము స్త్రీ ‘ఎన్సింబి’ యన్నను, అక్రాలో బండివాడు ‘సెడీ’ యన్నను, వారు పలుకుచున్నది మాల్దీవుల తీరమున అమావాస్యనాటి నీటిలో ఒకప్పుడు ఏరబడిన గుల్ల పేరే. మనము లేదనుటకు వాడు మాటతో వారు ఉన్నదనుచున్నారు.